తఖ్త్‌కి పహరా, మరి మనుషులకి?



ఈ మధ్య తెలిసిన ఆపాలు ఇద్దరు ముగ్గురు ఒకటే మాట అడిగారు. "పిల్లలు ఏవో లావుపాటి ఇంగ్లిష్ నవలలు చదువుతున్నారు. అందులో పాదిషా అంటారు, మహ్దీ అంటారు, జిహాద్ అంటారు. ఇంకో దాంట్లో బాద్షాని ఖుదా చేసి సజ్దాలు చేస్తారట. ఇవన్నీ ఇంట్లో ఉండొచ్చా?" అని. మా ఖాలా అయితే అడగలేదు, ఫత్వా ఇచ్చేసింది. "తీసి బయట పడెయ్" అంది.

మా ఇంట్లోనూ ఆ కితాబులు ఉన్నాయి. మా వాడు ఇంటర్ సెకండియర్. ఎన్‌డీఏ పరీక్షకి తయారవుతున్నాడు. ఫౌజ్‌లోకి వెళ్ళాలని చిన్నప్పటి నుంచీ పిచ్చి. వాడి బల్ల మీద మ్యాథ్స్ గైడ్ల పక్కన ఒకవైపు 'డ్యూన్', ఇంకోవైపు 'వార్‌హామర్ 40,000' నవలలు. పడేసేముందు చదవాలి కదా అనుకున్నాను. ఇషా నమాజ్ అయ్యాక, వంటిల్లు సర్దుకున్నాక, రోజుకి పాతిక ముప్పై పేజీలు. నాలుగు నెలలు పట్టింది.

చదివాక నా పరేషానీ మారింది. రాకెట్లు, రాక్షసులు, వేరే గ్రహాలు, అవి పక్కన పెట్టండి. ఈ నవలల్లో అసలు కథ ఒకటే. ఒక తఖ్త్ ఉంటుంది. దాని చుట్టూ లోకంలోకెల్లా గట్టి సిపాయిలు కాపలా ఉంటారు. వాళ్ళ వెనక దర్బారులో సాజిష్‌లు నడుస్తుంటాయి. చివరికి ఆ పహరా ఏదో ఒక చోట విరుగుతుంది. అది ఎక్కడ విరుగుతుందో చూస్తే, ఫౌజ్‌లోకి వెళ్ళాలనుకునే కొడుకున్న తల్లికి నిద్ర పట్టదు. అందుకే రాస్తున్నాను.

ముందు డ్యూన్ సంగతి. అమెరికన్ రచయిత ఫ్రాంక్ హెర్బర్ట్ 1965లో రాసిన నవల. మన పిల్లలకి 2021, 2024లో వచ్చిన సినిమాల వల్ల తెలిసింది. వేల ఏళ్ళ తర్వాతి లోకం. ఎన్నో గ్రహాలని ఏలే చక్రవర్తి పేరు పాదిషా షద్దాం. పేరులోనే మన జబాన్ ఉంది చూడండి. అతని ఖాస్ సిపాయిల్ని సార్డౌకార్ అంటారు. వాళ్ళ పేరు చెబితే ఎంత పెద్ద ఖాందాన్ అయినా వణకాల్సిందే. పాదిషా సల్తనత్ నిలబడింది వాళ్ళ ఖౌఫ్ మీదే.

మరి అంత గట్టి సిపాయిలు ఎక్కడి నుంచి వచ్చారు? అది రాజ్యరహస్యం. సలూసా సెకుండస్ అని ఒక గ్రహం ఉంది. పైకి అది ఖైదీల్ని పంపే జైలు. ఎండ, ఆకలి, క్రూరత్వం. అక్కడికి వచ్చినవాళ్ళలో చాలామంది బతకరు. బతికినవాళ్ళు మామూలు మనుషులుగా మిగలరు. వాళ్ళలోంచి సిపాయిల్ని ఏరి, శిక్షణ ఇచ్చి, ఆ తర్వాత డబ్బు, సుఖం, హోదా ఇచ్చి కట్టిపడేస్తాడు బాద్షా. ముందు నరకం, తర్వాత ఇనామ్. వఫాదారీని అలా తయారు చేస్తాడు.

ఈ బాద్షాకి ఒక భయం పట్టుకుంది. డ్యూక్ లీటో అని ఒక సర్దార్. మంచివాడు. మిగతా ఖాందాన్‌లన్నీ అతని మాట వింటున్నాయి. అతని ఫౌజ్ కూడా సార్డౌకార్‌కి దగ్గరగా వచ్చేసింది. బహిరంగంగా చంపితే ఖాందాన్‌లన్నీ ఒక్కటై తిరగబడతాయి. అందుకని అరాకిస్ అనే రేగిస్తాన్ గ్రహాన్ని లీటోకి జాగీర్‌గా ఇచ్చాడు. పైకి ఇనామ్, లోపల ఉచ్చు. అక్కడ అంతకుముందు ఏలిన హార్కొన్నెన్‌లు లీటోకి పాత దుష్మన్‌లు. వాళ్ళు దాడి చేసినప్పుడు పాదిషా తన సార్డౌకార్‌కి హార్కొన్నెన్ బట్టలు తొడిగి పంపాడు. చక్రవర్తి సొంత పహరేదార్లు ఎవరి బట్టలో వేసుకుని, దొంగల్లా రాత్రి పూట వచ్చారు.

ఇక్కడ ఆగి ఆలోచించాను. సల్తనత్‌ని కాపాడటం వీళ్ళ పని. లీటో కూడా ఆ సల్తనత్ మనిషే. అతని పిల్లలూ, అతని రయ్యతూ ఆ సల్తనత్ మనుషులే. వాళ్ళ మీదే రాత్రి పూట పడ్డారు. పహరా అంటే ఇదా?

ఆ సార్డౌకార్ ఏమయ్యారంటే, అరాకిస్ రేగిస్తాన్‌లో ఉండే ఫ్రెమెన్ అనే గరీబు ఖౌమ్ చేతిలో ఓడిపోయారు. ఖైదీల్ని పట్టుకురమ్మని పంపిన దస్తా ఆడవాళ్ళు, ముసలివాళ్ళు, పిల్లల చేతిలో చావుదెబ్బ తిని పారిపోయి వచ్చింది. హెర్బర్ట్ కారణం కూడా చెబుతాడు. సలూసా ఎలాంటి గ్రహమో అరాకిస్ అంతకంటే కఠినమైన గ్రహం. పైగా సార్డౌకార్ ఇన్నేళ్ళు సుఖం మరిగారు, గర్వం తలకెక్కింది. ఫ్రెమెన్‌కి ఆ భాగ్యం కలగలేదు.

మన ఇళ్ళలో ఇల్మ్ ఉన్నవాళ్ళకి ఇది ఎక్కడో విన్న మాటలా ఉంటుంది. ఇబ్నె ఖల్దూన్ గుర్తొస్తాడు. 1332లో ట్యూనిస్‌లో పుట్టి, 1406లో కైరోలో వఫాత్ అయిన ఆ పెద్దాయన ఎన్నో దర్బారుల్లో నౌకరీ చేశాడు. సాజిష్‌లు దగ్గర నుంచి చూశాడు, జైలుకీ వెళ్ళాడు. 1377లో రాసిన 'ముఖద్దిమా'లో ఆయన చెప్పిన సంగతి ఇది. కష్టంలో బతికే ఖౌమ్‌కి ఒకరి మీద ఒకరికి గట్టి పట్టు ఉంటుంది. దాన్ని అసబియ్య అన్నాడు. ఆ పట్టుతోనే వాళ్ళు రాజ్యం గెలుస్తారు. గెలిచాక సుఖం వస్తుంది, పట్టు సడలుతుంది. అప్పుడు బాద్షా సొంతవాళ్ళని దూరం పెట్టి, కొనుక్కున్న సిపాయిల మీద ఆధారపడతాడు. కొన్ని తరాల్లో రాజ్యం కూలిపోతుంది. ముఖద్దిమా అనేది ఆయన పెద్ద తారీఖ్ గ్రంథానికి పీఠిక. ఆ గ్రంథం పేరు 'కితాబుల్ ఇబర్'. డ్యూన్ నవలలో ఫ్రెమెన్ దగ్గర ఒక కితాబు ఉంటుంది. దాని పేరూ కితాబుల్ ఇబరే! ఆ పేజీ చూసి మా వాణ్ణి లేపి చూపించాను. "అమ్మీ, రాత్రి పన్నెండైంది" అన్నాడు.

ఇక లీటో ఇంటి లోపలి సంగతి. ఆయన పహరా చూసేది థుఫిర్ హవాత్. ముసలివాడు. ఆ ఖాందాన్‌లో మూడు తరాలకి ఖిద్మత్ చేసినవాడు. లెక్కలు, అనుమానాలు, ఎత్తులు, అన్నీ అతని తలలోనే. ఇంట్లో గద్దార్ ఉన్నాడని అతనికి తెలుసు. దుష్మన్‌లు ఒక ఉత్తరం కావాలని దొరికేలా చేశారు. అది చూసి హవాత్ లీటో బీబీ జెస్సికాని అనుమానించాడు. కళ్ళన్నీ ఆమె మీదే పెట్టాడు. అసలు గద్దార్ ఇంటి డాక్టర్ యూయె. ఆయన్ని ఎవరూ అనుమానించలేదు. ఎందుకంటే ప్రాణం తీసే పని చేయలేకుండా ఆయన మనసుకి శిక్షణ ఇచ్చారు. నుదుటి మీద దానికి గుర్తుగా పచ్చబొట్టు కూడా ఉంది. పచ్చబొట్టు చూసి అందరూ నిశ్చింతగా ఉన్నారు. కానీ ఆయన భార్య హార్కొన్నెన్‌ల చేతికి చిక్కింది. ఆమె కోసం యూయె తలుపులు తెరిచేశాడు. ఆమె అప్పటికే చనిపోయిందని పాపం ఆయనకి అనుమానం ఉండనే ఉంది.

ఈ భాగం చదువుతుంటే మా మామూ గుర్తొచ్చాడు.

మామూ పోలీస్ డిపార్ట్‌మెంట్‌లో పనిచేశాడు. ఉమ్మడి రాష్ట్రం ఉన్నప్పుడు కొన్నేళ్ళు ఒక పెద్ద నాయకుడికి గన్‌మన్. సఫారీ డ్రెస్సు, నడుం దగ్గర పిస్టల్. ఈద్‌కి ఇంటికొస్తే మా గల్లీ పిల్లలమంతా చుట్టూ మూగేవాళ్ళం. "మామూ, ఎవరైనా కాల్చడానికి వస్తే ముందే ఎలా తెలుస్తుంది?" అని అడిగేవాళ్ళం. "మొహాలు చూడం బేటా, చేతులు చూస్తాం. మొహం అబద్ధం చెబుతుంది" అనేవాడు. హవాత్ మొహాలు చూశాడు, ఉత్తరాలు చూశాడు. యూయె చేతులు చూడలేదు.

మామూ చెప్పిన ఇంకో మాట నేను పెద్దయ్యాక గానీ అర్థం కాలేదు. గన్‌మన్ కారులో ముందు సీట్లో కూర్చుంటాడు. వెనక సీట్లో మాట్లాడేవన్నీ అతనికి వినిపిస్తాయి. ఎవరిని లేపాలి, ఎవరిని దించాలి, ఎవరి భూమి ఎవరికి పోవాలి. ముందు సీట్లో ఒక మనిషి ఉన్నాడని వెనకవాళ్ళు మర్చిపోతారు. అతన్ని కూడా కారులో ఒక భాగం అనుకుంటారు. మామూ ఆ మాటలు మా ముమానీకి కూడా ఎన్నడూ చెప్పలేదు.

ఒకసారి ఏదో విన్నాడు. ఏం విన్నాడో అల్లాకే తెలుసు. ఆ వారమే తబియత్ బాగాలేదని రాసిచ్చి ట్రాన్స్‌ఫర్ అడిగాడు. దూరంగా ఏదో స్టేషన్‌లో వేశారు. సఫారీ పోయింది, ఈద్ రోజు గల్లీలో ఆ షాన్ పోయింది. నానీ అడిగితే, "ఆ ప్రాణానికి అడ్డం నిలబడటం నా డ్యూటీ అమ్మీ. ఆ పనికి అడ్డం నిలబడే తాఖత్ నాకు లేదు. తోడు నిలబడే గుండె కూడా లేదు" అన్నాడట. పెద్ద హీరోలా ఏమీ చేయలేదు. తప్పుకున్నాడంతే. కానీ తప్పుకోవడానికి ఒక తలుపు ఉంది. ఆ సంగతి మళ్ళీ చెబుతాను.

ఇప్పుడు మా ఖాలాని భయపెట్టిన రెండో కితాబు. వార్‌హామర్ 40,000 అనేది మొదట బల్ల మీద చిన్న చిన్న బొమ్మలతో ఆడే ఆట. ఇంగ్లండ్‌లో పుట్టింది. తర్వాత దాని మీద వందల నవలలు వచ్చాయి. చీకటి లోకం అంటే అదీ. ఇంకో నలభై వేల ఏళ్ళ తర్వాతి మానవజాతి. వాళ్ళ చక్రవర్తి సొంత కొడుకు బగావత్‌లో చావుదెబ్బ తిని, బంగారు తఖ్త్ అనే యంత్రం మీద పదివేల ఏళ్ళుగా పడి ఉంటాడు. బతికీ లేడు, చచ్చీ లేడు. ఆ తఖ్త్ నడవడానికి రోజుకి వెయ్యి మంది ప్రాణాలు ఆహుతి చేస్తారు. లోకమంతా అతన్ని ఖుదా అని పూజిస్తుంది.

ఖాలా భయం ఇక్కడే. నేను ఆమెని కూర్చోబెట్టి మొత్తం కథ చెప్పాను. ఆ చక్రవర్తి బతికి ఉన్నప్పుడు తనని పూజించొద్దన్నాడు. అసలు ఏ మజ్హబూ ఉండొద్దని గుళ్ళూ గోపురాలూ కూలగొట్టించాడు. అతను పడిపోయాక మనుషులు అతన్నే బుత్ చేసి కూర్చోబెట్టారు. వద్దన్నవాడి పేరుతోనే పీఠాలు, పూజారులు, మంటల్లో కాల్చడాలు. రాసినవాళ్ళు ఆ లోకాన్ని బాగుందని చూపించడం లేదు ఖాలా, మనిషిని ఖుదా చేస్తే ఎంత చీకటి కమ్ముకుంటుందో చూపిస్తున్నారు, అన్నాను. ఖాలా కాసేపు తస్బీహ్ తిప్పి, "మరి ఈ మాట పిల్లలకి అర్థమవుతుందా?" అంది. మంచి సవాలు. కొందరికి అవుతుంది, కొందరికి బంగారు కవచమే కనిపిస్తుంది. అందుకే పక్కన కూర్చుని మాట్లాడాలి.

ఆ బంగారు కవచం కస్టోడెస్‌ది. చక్రవర్తి ఖాస్ పహరేదార్లు. పదివేల మంది అని పేరు. గొప్ప గొప్ప ఖాందాన్‌ల నుంచి పసిపిల్లల్ని తీసుకుని, ఒక్కొక్కణ్ణి విడివిడిగా, చెక్కినట్టు తయారు చేస్తారు. వాళ్ళకి ముసలితనం రాదు, భయం లేదు. యుద్ధం చేయడమే కాదు, చదువుకుంటారు, తత్వం మాట్లాడతారు. వాళ్ళకో ఆట ఉంది, నెత్తురాట అంటారు. వాళ్ళలోనే ఒకడు దుష్మన్‌లా మారి మహల్‌లోకి చొరబడటానికి చూస్తాడు, మిగతావాళ్ళు పట్టుకుంటారు. ఎక్కడ సందు ఉందో తెలుసుకోవడానికి. మామూ వింటే మెచ్చుకునేవాడు.

ఇంత గొప్పవాళ్ళు పదివేల ఏళ్ళు ఏం చేశారు? తఖ్త్ చుట్టూ నిలబడ్డారు. చక్రవర్తిని కాపాడలేకపోయామన్న గమ్‌లో మహల్ గోడల వెనక ఉండిపోయారు. బయట సల్తనత్ కుళ్ళిపోయింది. యుద్ధాల్లో కోట్లమంది చచ్చారు. చక్రవర్తి ఖుదా కాదని వీళ్ళకి తెలుసు. అయినా బయట ఆ పేరుతో జరిగే జుల్మ్‌ని ఆపలేదు. అది మా పని కాదన్నారు.

క్రిస్ రైట్ అనే రచయిత 2017లో రాసిన 'వాచర్స్ ఆఫ్ ది థ్రోన్: ది ఎంపరర్స్ లీజియన్' నవల ఈ సంగతి మీదే నడుస్తుంది. మా వాడికి ప్రాణం ఆ కితాబు. ముగ్గురు మనుషులు వంతులవారీగా కథ చెబుతారు. ఒకడు వలేరియన్, కస్టోడెస్‌లో సర్దార్. రెండోది అలేయా, మౌనవ్రతం పట్టిన ఆడ సిపాయిల గుంపులో మనిషి. ఒకప్పుడు వాళ్ళూ చక్రవర్తి పక్కన నిలబడినవాళ్ళే, తర్వాత అందరూ మర్చిపోయారు. ఆమె నోరు విప్పదు గానీ మనసంతా కోపమే. మూడోవాడు టియెరాన్. సల్తనత్‌ని నడిపే పన్నెండు మంది హై లార్డ్‌ల మజ్లిస్‌కి వజీర్ లాంటివాడు. కత్తి పట్టని దఫ్తర్ మనిషి.

మా వాడికి వలేరియన్ నచ్చాడు. నాకు టియెరాన్ నచ్చాడు. కస్టోడెస్ గోడలు దాటి యుద్ధానికి వెళ్ళొచ్చా లేదా అన్న పాత కట్టుబాటు మీద మజ్లిస్‌లో పేచీ. ఒకరికి ఔనంటే భయం, ఇంకొకరికి కాదంటే భయం. ఎవరి లెక్క వాళ్ళది. టియెరాన్ ఒక్కొక్కరి గుమ్మం తొక్కి, ఎవరికి ఏ మాట తీపో ఆ మాట చెప్పి, ఓట్లు కూడగడతాడు. మన వార్డు ఎన్నికల్లో చూడమా ఇలాంటివాళ్ళని! ఈ ఖీంచాతాన్ సాగుతుండగానే సరిహద్దులో సల్తనత్‌కి అడ్డుగోడలా ఉన్న కాడియా కోట కూలుతుంది. ఆకాశమే రెండుగా చీలిపోతుంది. పదివేల ఏళ్ళు ఏ ముప్పుకి కాపలా కాశారో, అది మజ్లిస్ మాట తేలేదాకా ఆగలేదు, మహల్ గుమ్మం ముందుకే వచ్చేసింది.

ఇదంతా కల్పితమే అనుకోకండి. మన తారీఖ్‌లో దీనికంటే చేదు నిజాలున్నాయి.

రోమ్ చక్రవర్తికి ప్రిటోరియన్లని ఖాస్ పహరా ఉండేది. 193లో వాళ్ళు తమ చక్రవర్తి పెర్టినాక్స్‌ని చంపేసి, తఖ్త్‌ని వేలం వేశారు. డిడియస్ జూలియానస్ అనే ధనవంతుడు ఎక్కువ పాడి కొనుక్కున్నాడు. 66 రోజులు ఏలాడు, తర్వాత అతన్నీ చంపారు.

అబ్బాసీ ఖలీఫా ముతసిమ్ తన హిఫాజత్ కోసం తుర్క్ గులామ్‌ల ఫౌజ్‌ని పెంచాడు. వాళ్ళకీ బాగ్దాద్ జనానికీ పడలేదు. 836లో వాళ్ళని తీసుకుని కొత్త రాజధాని సమర్రాకి వెళ్ళిపోయాడు. 861లో అతని కొడుకు, ఖలీఫా ముతవక్కిల్‌ని ఆ తుర్క్ పహరేదార్లే మహల్‌లో చంపారు. తర్వాతి తొమ్మిదేళ్ళలో నలుగురు ఖలీఫాలు మారారు. బాద్షాని కాపాడటానికి కట్టిన షహర్, బాద్షాలకి పింజ్రా అయింది. ఉస్మానీ సల్తనత్‌లో జానిసరీలు 1622లో సొంత సుల్తాన్ రెండో ఉస్మాన్‌ని చంపారు. చివరికి 1826లో సుల్తాన్ రెండో మహమూద్ ఫిరంగులు పెట్టి జానిసరీలనే ఖతం చేయాల్సి వచ్చింది.

ఇన్సాఫ్‌గా రెండో వైపూ చెప్పాలి. ఈజిప్ట్‌లో మమ్లూక్‌లు కూడా కొన్న గులామ్ సిపాయిలే. 1250లో సొంత సుల్తాన్ తూరాన్‌షాని చంపి రాజ్యం లాక్కున్నారు. అదే మమ్లూక్‌లు 1260లో ఐన్ జాలూత్ దగ్గర మంగోల్‌ల ఫౌజ్‌ని ఓడించారు. బాగ్దాద్‌ని రెండేళ్ళ కింద నాశనం చేసిన మంగోల్‌ల దండయాత్ర ఈజిప్ట్‌ చేరకుండా అక్కడే ఆగింది. తఖ్త్‌ని కాటేసిన చేతులే మనుషుల్ని కాపాడాయి. తారీఖ్ ఎప్పుడూ సీదాగా ఉండదు.

ఇక జిహాద్ మాట. దాన్ని దాటేసి పోతే మీరు ఊరుకోరు. డ్యూన్‌లో లీటో కొడుకు పాల్ రేగిస్తాన్‌లోకి పారిపోయి, ఫ్రెమెన్‌కి మహ్దీ అయి, పాదిషాని దించి తానే చక్రవర్తి అవుతాడు. అతని కోసం ప్రాణమిచ్చే సిపాయిల్ని ఫెదాయ్‌కిన్ అంటారు, మన ఫిదాయీలన్న మాటే. మొదటి నవల అక్కడ జీత్‌తో ముగుస్తుంది. చాలామంది పిల్లలు అక్కడే ఆగిపోతారు. 1969లో వచ్చిన రెండో భాగం 'డ్యూన్ మెస్సయా' చదవనిదే మొదటిది అర్థం కాదు. అందులో పాల్ తన పేరుతో జరిగిన యుద్ధంలో చచ్చినవాళ్ళ లెక్క తానే చెబుతాడు, 6,100 కోట్ల మంది. ఆపాలని ఉంటుంది, ఆపలేడు. ఫెదాయ్‌కిన్‌లో ఒకడైన కోర్బా, ఇప్పుడు పాల్ పేరు మీద నడిచే మజ్హబ్‌కి పెద్ద పూజారి. పాల్ మీద సాజిష్‌లో అతనూ ఉంటాడు. బతికున్న పాల్ కంటే షహీదైన పాల్ వాళ్ళకి ఎక్కువ పనికొస్తాడు మరి.

మన దీన్‌లో ఎంతో అర్థం ఉన్న మాటని మారణకాండ పేరుగా వాడితే మనసుకి నొప్పి కలుగుతుంది. నాకూ కలిగింది. ఆ నొప్పిని దాచను. కానీ హెర్బర్ట్ కథ మన ఖౌమ్ మీద కాదు. హీరోకి బుద్ధి అప్పగించి వెనక నడిచే ప్రతి ఖౌమ్ మీద. మా వాడికి రెండూ చెప్పాను. ఆ మాటకి అసలు అర్థం ఏంటో, రచయిత దాన్ని ఎందుకు వాడుకున్నాడో. రెండూ తెలిసిన పిల్లవాణ్ణి ఎవరూ తేలిగ్గా తప్పుదారి పట్టించలేరు.

ఈ నవలల్లో నాకు దొరకని సంగతి ఒకటుంది. తఖ్త్ పోయాక పహరేదార్లు ఏమవుతారు? దానికి జవాబు మన హైదరాబాద్‌లోనే ఉంది. మాసబ్ ట్యాంక్ దగ్గర ఏసీ గార్డ్స్ అనే మొహల్లా ఉంది కదా. ఏసీ అంటే ఆఫ్రికన్ కావల్రీ. నిజాం కొలువులో ఉన్న ఆఫ్రికా గుర్రపు సిపాయిల పేరు మీద ఆ మొహల్లా. చాంద్రాయణగుట్ట వైపు బార్కస్ అంటే బ్యారక్స్. నిజాం అరబ్ సిపాయిలు ఉన్న చోటు. 1948లో రాజ్యం పోయింది, ఆ నౌకరీలు పోయాయి. వాళ్ళ పిల్లలు, మనవళ్ళు అక్కడే ఉన్నారు. మర్ఫా వాయించారు, దుకాణాలు పెట్టుకున్నారు, మామూలు నౌకరీలు చేసుకున్నారు. మన పొరుగువాళ్ళయ్యారు, సమ్ధీలయ్యారు. వాళ్ళు కాపలా కాసిన తఖ్త్ లేదు, వాళ్ళున్న మొహల్లా ఉంది. ఈద్ నాడు బార్కస్ వెళ్ళి చూడండి, ఏది నిలిచిందో తెలుస్తుంది.

మా వాడితో అసలు మాట మొన్న జరిగింది. వలేరియన్ గొప్పతనం చెబుతూ, "హుకుం వస్తే ఒక్క సవాలు అడగడు అమ్మీ. వఫాదారీ అంటే అదీ" అన్నాడు. వాడి కళ్ళలో ఆ మెరుపు చూసి నాకు గుండె కలుక్కుమంది. రేపు వాడి చేతికి తుపాకీ ఇస్తారు.

"హుకుం గలత్ అయితే?" అన్నాను.

"ఆయన గలత్ హుకుం ఇవ్వడు కదా."

"ఆయన పదివేల ఏళ్ళుగా మాట్లాడటమే లేదు బేటా. హుకుం ఆయన పేరుతో ఎవరో ఇస్తున్నారు."

వాడు ఆలోచనలో పడ్డాడు. అప్పుడు మామూ సంగతి చెప్పాను, ముందు సీటు, ట్రాన్స్‌ఫర్ అర్జీ. కస్టోడెస్‌కి లేనిది, మామూకి ఉన్నది ఏంటో చూడమన్నాను. కస్టోడెస్‌ని తయారు చేయడంలోనే తప్పుకునే తలుపు మూసేశారు. సార్డౌకార్‌కి ఆ తలుపుని సుఖంతో మూశారు. ఫెదాయ్‌కిన్ అఖీదత్‌తో తామే మూసుకున్నారు. మామూకి ఆ తలుపు ఎందుకు ఉందంటే, ఆయన ఖసమ్ తిన్నది ఆ నాయకుడి పేరు మీద కాదు. ఆ నాయకుడు ఎన్నికల్లో ఓడాక కొత్త గన్‌మన్‌లు కూడా కొత్త మనిషి వెనకకి వెళ్ళిపోయారు. పహరా కుర్చీకి, కుర్చీ జనానిది.

మన దేశంలో ఫౌజ్‌లో చేరేవాళ్ళు ఖసమ్ తినేది భారత రాజ్యాంగానికి వఫాదార్‌గా ఉంటామని. ఒక మనిషికి కాదు, ఒక ఖాందాన్‌కి కాదు. ఒక కితాబుకి. ఆ కితాబులో మొదటి మాటే మనం, ఈ దేశ ప్రజలం. అంటే ఆ సిపాయి పహరా కాసేది గల్లీలో ఉన్న నిన్నూ, నన్నూ, ఖాలానీ. నవల రాసినవాళ్ళు పదివేల ఏళ్ళు ముందుకెళ్ళినా వాళ్ళ పహరేదార్లకి ఈ నసీబ్ ఇవ్వలేదు. నీకు దొరుకుతోంది, అమానత్ అనుకో, అన్నాను.

వాడు చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత, "హవాత్ చివర్లో ఏం చేశాడో గుర్తుందా అమ్మీ?" అన్నాడు.

గుర్తుంది. దుష్మన్‌ల చేతికి చిక్కాక ముసలి హవాత్ ఒంట్లో విషం ఎక్కించి, రోజూ తిండిలో విరుగుడు కలిపి, గులామ్‌లా వాడుకున్నారు. ఆఖరి రోజు చేతిలో విషపు సూది పెట్టి, పాల్ దగ్గరికి పంపారు. హుకుం ఉంది, సూది ఉంది, ఎదురుగా పాత యజమాని కొడుకు. నా ప్రాణం నీ ఇష్టం, తీసుకో అన్నాడు పాల్. హవాత్ చెయ్యి తెరిచి సూది చూపించి, అక్కడే ప్రాణం వదిలాడు. గుచ్చలేదు.

"కస్టోడెస్ కంటే అతనే గట్టోడు కదా" అన్నాడు మా వాడు. తర్వాత మ్యాథ్స్ గైడ్ తెరిచాడు.

కితాబులు బల్ల మీదే ఉన్నాయి. ఖాలా మొన్న వచ్చినప్పుడు బంగారు కవచం ఉన్న అట్టని కాసేపు చూసి, "ఈడు ఎవర్ని కాపాడతాడ్రా?" అని వాణ్ణే అడిగింది. వాడు కుర్చీ లాగి కూర్చున్నాడు, చెప్పడానికి. మీ ఇళ్ళలోనూ పిల్లల్ని అదే అడగండి. కితాబు తీసి పడేసే ముందు ఆ ఒక్క సవాలు అడిగి, వాళ్ళు చెప్పేది వినండి.

ఖుదా హాఫిజ్.